హద్దురాయి దగ్గర ఒక నారింజ

మధ్యాహ్నం పూట లుక్రియా తేతాని వెతుక్కుంటూ ఇంటికి వెళ్లడం దండగ. తలుపు తీసే ఉంటుంది. పొయ్యి మీద ఆకుకూర కలిపిన బంగాళాదుంపలు చల్లారిపోతూ ఉంటాయి. మనిషి మాత్రం ఉండదు. ఊరి పైన, ఆలివ్ తోటల మెట్ల మీద, వాళ్ల నాన్న కట్టిన రాతి గుడిసెలో నిద్రపోతూ ఉంటుంది.

మా దీవిలో తల నెరిసిన ఆడమనిషి ఎవరైనా అందరికీ తేతానే. మగమనిషైతే బార్బా. చుట్టరికంతో పనిలేదు.

ఆ గుడిసె గుండ్రంగా ఉంటుంది. సున్నం లేదు, మట్టి లేదు. రాయి మీద రాయి పేర్చుకుంటూ, పైకి వెళ్లేకొద్దీ దగ్గరకు లాక్కొచ్చి మూసేశారు. నెత్తిన పెట్టిన చివరి రాయి ఎందుకో సరిగ్గా కూర్చోలేదు. ఆ సందులోంచి అరచెయ్యంత వెలుగు లోపల పడుతుంది. మధ్యాహ్నమంతా అది గోడ మీద పిల్లి పిల్లలా మెల్లగా పాకుతుంది. పాకి పాకి తన పాదాల మీదికి వచ్చేసరికి లుక్రియా లేచి కూర్చుంటుంది. జన్మలో గడియారం కొనలేదు.

లేచాక కిందికి దిగి రొట్టెల కొట్టుకి వస్తుంది. అక్కడ అందరూ ఒకటే అడుగుతారు.

"ఇవాళ ఏం కలొచ్చింది తేతా?"

"సముద్రం మెట్లెక్కి గుడిసె దాకా వచ్చింది. కాళ్లు తుడుచుకుని లోపలికి రా అన్నాను."

"వచ్చిందా?"

"సిగ్గుపడి వెళ్లిపోయింది. ఆ పెద్ద రొట్టె ఇవ్వు, మాడనిది."

నాకు కలల గొడవంటే ఒళ్లు మంట. కళ్లు మూసుకుంటే కనిపించేదాని గురించి, కళ్లు తెరిచినవాళ్లు మాట్లాడుకోవడం ఏమిటి? కానీ ఈవిడ చెప్తుంటే మాత్రం రొట్టె పట్టుకుని అలాగే నిలబడిపోయేవాణ్ణి. రొట్టె చల్లారేది.

వయసులో ఉన్నప్పుడు రేవు దగ్గర చేపల డబ్బాల ఫ్యాక్టరీలో పనిచేసిందట. తలా తోకా మార్చి డబ్బాలో చేపలు పేరుస్తూనే నిద్రపోయేదట. చేతులు ఆగేవి కావు కాబట్టి ఎవరూ ఏమీ అనేవాళ్లు కాదు. ఓడ మీద పనిచేసే ఒకతను పెళ్లి చేసుకుంటానన్నాడు. "ఆలోచించుకుని చెప్తా" అంది. ఈవిడ ఆలోచిస్తుండగానే అతని ఓడ లంగరెత్తింది. దానికి బాధపడిందా అని అడిగితే, "బాధపడదామనుకునేలోపు ఆలివ్ కాయలు ఏరే కాలం వచ్చిందిరా" అంటుంది. ఫ్యాక్టరీ మూతపడింది. వాళ్ల నాన్న బార్తుల్ పోయాడు. ఈవిడకి ఆ మెట్ల తోట, ఆ గుడిసె మిగిలాయి. మిగిలినవి చాలనుకుంది.

బార్తుల్ గురించి ఊళ్లో ఇప్పటికీ నవ్వుకుంటారు. గాడిదని కూడా గట్టిగా అదిలించలేని మనిషి. గాడిద దారి మధ్యలో ఆగిపోతే, అది ఏమనుకుంటోందో తెలిసేవరకూ పక్కన కూర్చునేవాడట. భార్య పురిట్లోనే పోయింది. కూతుర్ని భుజాన వేసుకుని పొలానికి తీసుకెళ్లేవాడు. ఎండలో పిల్ల కమిలిపోతోందని ఆ గుడిసె కట్టాడు. అంటే ఆ గుడిసె పుట్టిందే లుక్రియా నిద్ర కోసం.

పక్క తోట యెర్కో బార్బాది. అతని తండ్రి గ్రగో, బార్తుల్‌కి అచ్చంగా ఎదురు. ఆ మనిషి నడిచొస్తుంటే మేకలు కూడా పక్కకి తప్పుకునేవట. ఈ ఇద్దరూ ఒక ఏడాది రెండు తోటల మధ్య హద్దురాయి పాతారు.

రాయి పాతడానికి మాకు ఒక పద్ధతి ఉంది. గుంటలో ముందు ఒక పెంకుని రెండుగా విరిచి, ఒక ముక్క ఇటు ఒక ముక్క అటు పెట్టి, దాని మీద రాయి నిలబెడతారు. ఆ ముక్కల్ని సాక్షులంటాం. రాయినైతే ఎవడైనా జరిపేస్తాడు, కింద ఉన్న సాక్షుల్ని మర్చిపోతాడు. రెండు ముక్కలూ ఒకదానికొకటి అతికాయా, అదే హద్దు. ఇంకెవరూ ఏమీ మాట్లాడటానికి లేదు. ఇవి భూమి కింద సాక్షులు. పైన సాక్షులు వేరే. రెండిళ్ల నుంచీ చెరో పిల్లని తీసుకొచ్చి, రాయి దగ్గర నిలబెట్టి, చెంప మీద ఒక్కటి పీకుతారు. తప్పేమీ చేయకపోయినా సరే. తప్పు చేసినందుకు కొడితే పిల్లలకి తప్పే గుర్తుంటుంది, చోటు గుర్తుండదట. ఊరికే కొడితే జీవితాంతం ఆ చోటు మర్చిపోరట.

ఆ రోజు గ్రగో ఇంటి నుంచి యెర్కో, బార్తుల్ ఇంటి నుంచి లుక్రియా. ఇద్దరికీ అప్పటికి పాలపళ్లు ఊడుతున్నాయి.

తర్వాత ఒక ఎండాకాలం కొండ అంటుకుంది. ఆ వెనకే పడిన వానకి గట్టు జారి హద్దురాయి ఎక్కడికో దొర్లిపోయింది. ఎవరూ వెతకలేదు. యెర్కోకీ లుక్రియాకీ మధ్య ఎప్పుడూ మాట తేడా రాలేదు. అసలు ఆమె తోట దున్నిపెట్టేది కూడా అతనే. ఎందుకు బార్బా ఈ చాకిరీ అంటే, "మేమిద్దరం ఒకే రోజు దెబ్బలు తిన్నవాళ్లం, నీకేం తెలుస్తుంది పో" అనేవాడు.

ఇక ప్రోష్పెర్ సంగతి. యెర్కో బార్బా కొడుకు. విహారనౌకల్లో మద్యం కలిపే పని చేసి, నడుం పట్టేసి, ఊరికి తిరిగొచ్చాడు. చెడ్డవాడని చెప్పను, తొందరగల మనిషి. పాత ఇంటి మీద గదులు వేశాడు, వేసవికి వచ్చేవాళ్లకి అద్దెకిద్దామని. కార్లు ఆపుకోవడానికి చోటు కావాలి. ఒక వారం యంత్రం తెప్పించి, పొదలు గీకేసి, గోడ కట్టడం మొదలుపెట్టాడు. గోడ గుడిసెని చుట్టి, దానికి అవతలి పక్కనుంచి వెళ్లింది. లుక్రియా నిద్రలేచి బయటికొచ్చేసరికి తన గుడిసె వేరేవాళ్ల స్థలంలో ఉంది.

"ఒరేయ్ ప్రోష్పెర్, నన్ను లోపల పెట్టి గోడ కట్టేశావేంట్రా?"

"లోపల కాదు తేతా, మా వైపు. ఇక్కడ కార్లు ఆగుతాయి. చలికాలం అయ్యేలోపు ఈ గుడిసె విప్పేస్తా. నువ్వు నిద్రలో ఉండగా ఎవడైనా బండి వెనక్కి తిప్పాడంటే నాకు తలనొప్పి."

"నా గుడిసె నువ్వెలా విప్పుతావు?"

"నీదని ఎవరన్నారు? ప్రభుత్వ పటంలో ఇక్కడ గుడిసే లేదు."

"ఆ పటం గీసేటప్పటికి మా నాన్న పుట్టలేదు."

"అదే మరి. పుట్టకముందే మాది!"

యెర్కో బార్బా ఆ పక్కనే రాయి మీద కూర్చుని ఉన్నాడు. చెప్పుల వంక చూసుకుంటున్నాడు.

లుక్రియా ఇంటికెళ్లి, ఉన్నవాటిలో మంచి కోటు తొడుక్కుని, మర్నాడు పడవెక్కి పట్నం వెళ్లి సివిల్ కోర్టులో దావా వేసింది. ఊరంతా నోరెళ్లబెట్టింది. రొట్టెల కొట్టు ఆవిడైతే, "కలలో వేసిందేమో, సరిగ్గా కనుక్కోండి" అంది. కలలో కాదు. ఆ గుడిసె పోతే లుక్రియాకి మధ్యాహ్నాలు లేవు. మధ్యాహ్నాలు లేకపోతే ఇంకేం ఉన్నట్టు?

కోర్టు గదిలో తేలిందేమిటంటే, పటం ఎందుకూ పనికిరాదని. జడ్జిగారు నడివయసు ఆవిడ, కళ్లజోడు ముక్కు మీద నిలవదు. సర్వేయర్ని పిలిచి అడిగింది.

"పటంలో ఈ హద్దు గీత నేల మీదికి వస్తే ఎంత మందం ఉంటుంది?"

"గుడిసె అంత మందం, జడ్జిగారూ."

గదిలో అందరూ నవ్వారు. సర్వేయర్ నవ్వలేదు. "గీతకి ఇటు అంచున కొలిస్తే గుడిసె ఆవిడది. అటు అంచున కొలిస్తే వీళ్లది."

"నడి మధ్యన కొలిస్తే?"

"ఆవిడ తల ఆవిడ స్థలంలో ఉంటుంది. కాళ్లు చాపితే వీళ్ల స్థలంలోకి వస్తాయి."

"రాయి కింద పెంకులున్నాయంటున్నారుగా. తవ్వితే సరిపోదా?" అంది లుక్రియా తరఫు లాయరమ్మ. కుర్ర పిల్ల, చురుకైనది.

ప్రోష్పెర్ లాయరు లేచాడు. "ఎక్కడని తవ్వుతారు? కొండంతా రాళ్లే, కొండంతా పెంకులే. కాలిపోయిన ఇళ్ల పైకప్పు పెంకులు అందరివీ అక్కడే పోశారు."

జడ్జిగారు కళ్లజోడు తీసి తుడుచుకుంది. "గట్టు పొడుగునా తవ్వించలేను. ఫలానా చోటని ఒక సాక్షి వేలు పెట్టి చూపిస్తే, అక్కడ తవ్విస్తాను. రాయి పాతినప్పుడు ఉన్నవాళ్లెవరైనా బతికున్నారా?"

గదిలో తలలన్నీ రెండు వైపులకి తిరిగాయి. యెర్కో బార్బా ఎడమ చెవి చిన్నప్పటినుంచీ వినపడదు. ఆ రోజు కుడి చెవి కూడా వినపడనట్టే చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. రెండుసార్లు అడిగించుకుని, "నాకేం గుర్తులేదు. ముసలాణ్ణి" అన్నాడు. కొడుకు ఊపిరి పీల్చుకున్నాడు.

లుక్రియా లేచి, "ఆ రోజు నేనున్నాను" అంది. అంతే అంది. జడ్జిగారు మిగతాది తనే అర్థం చేసుకుని, కోర్టు దీవికి వచ్చి స్థలం దగ్గరే సాక్ష్యం తీసుకుంటుందని రాయించింది.

ఊరు పండగ చేసుకుంది. లుక్రియా గెలిచినట్టే. చెంపదెబ్బ తిన్న సాక్షి మర్చిపోవడమన్నది మా దీవిలో ఎప్పుడూ జరగలేదు.

కానీ ఆ వారం ఆమె రొట్టెల కొట్టుకి రావడం మానేసింది. నేను మెట్ల దారిలో పట్టుకున్నాను. "ఏంటి తేతా, ఒంట్లో బాగాలేదా?"

దారి పక్క కూర్చుంది. నడుముకి కట్టుకున్న గుడ్డ విప్పి మళ్లీ కట్టుకుంది. "మా నాన్న నన్ను కొట్టలేదురా" అంది.

ఆ రోజు గ్రగో తన కొడుకుని పీకాడు. పిల్లాడు ఎగిరి పడ్డాడు. తర్వాత బార్తుల్ వంతు. చెయ్యి లేచింది. కిందికొచ్చేసరికి ఆ చెయ్యి వేరే చెయ్యి అయిపోయింది. కూతురి చెంపని మూసినట్టుగా పట్టుకుని, చెవిలో, "చెంప పట్టుకో తల్లీ, ఏడుపు మొహం పెట్టు, గ్రగో చూస్తున్నాడు" అన్నాడట. కోటు జేబులోంచి నారింజ తీసి ఇచ్చాడు. మా వైపు అప్పట్లో నారింజ అంటే పండగ. లుక్రియా ఏడుపు మొహం పెట్టక్కర్లేకపోయింది. అవతల యెర్కో నోట్లోంచి రక్తం కారుతుంటే చూసి నిజంగానే ఏడ్చింది. ఏడుస్తూనే నారింజ ఒలిచింది. సగం వాడికిచ్చింది. ఇద్దరూ చెంపలు పట్టుకుని కూర్చుని తిన్నారు.

"రాయి ఎక్కడుందో?" అన్నాను.

"నారింజ చూస్తూ ఉన్నాను కదరా."

వారమంతా గుడిసెలో పడుకుని ఆ రోజునే కలగనాలని చూసిందట. కల వచ్చేది. నాన్న కోటు బొత్తాలు కనిపించేవి, ఒకటి వేరే రంగు దారంతో కుట్టినది. యెర్కో ముక్కు కనిపించేది. కొండ మీద ఆరేసిన దుప్పటిలా ఒక మబ్బు. నారింజ తొక్క మీద గుంటలు కూడా కనిపించేవి. నేల మాత్రం కనిపించదు. "కింద చూడవే, ఒక్కసారి కింద చూడు" అని కలలో ఉన్న పిల్లని బతిమాలుకునేదట. ఆ పిల్ల వినదు. నారింజ వంకే చూస్తుంది.

నేను నాకు తోచింది చెప్పేశాను. "ఎక్కడో ఒకచోట వేలు పెట్టేయ్ తేతా. తవ్వనీ. దొరికితే దొరికింది."

"దొరకదు. అప్పుడు ముసలిదానికి మతి పోయిందంటారు."

"దొరికితే?"

"దొరికితే అబద్ధానికి దొరికినట్టు. ఆ గుడిసెలో నాకు నిద్ర పడుతుందా చెప్పు." లేచి నడుం పట్టుకుంది. "నీకు దేనికీ ఓపిక లేదు. కాలేజీ కూడా అందుకే సగంలో వదిలేశావు."

నేను పక్కకి తప్పుకుని దారిచ్చాను.

కోర్టు వచ్చిన రోజు దక్షిణపు గాలి. ఆ గాలి వీస్తే మా దీవిలో అన్నీ కొంచెం కరిగినట్టు ఉంటాయి. రాళ్లకి చెమట పడుతుంది. సముద్రం ఆకాశం రంగులోకి, ఆకాశం సముద్రం రంగులోకి జారిపోతాయి. మనుషులు మొదలుపెట్టిన మాట మధ్యలో మర్చిపోతారు. పడవ ఊగి ఊగి వచ్చింది. జడ్జిగారు నిమ్మకాయ వాసన చూసుకుంటూ దిగింది. ఊరంతా మడతకుర్చీలు పట్టుకుని కొండెక్కింది.

ఒక ముసలాయన ముందుకొచ్చి, "జడ్జిగారూ, ఈ గాలిలో తీర్పులు చెప్పకూడదండీ. మా తాతల కాలం నుంచీ లేదు" అన్నాడు.

"గాలి మీద అభ్యంతరం రాయమంటారా?"

"రాయండి."

రాయించింది. ఆయన తృప్తిగా వెళ్లి కూర్చున్నాడు.

గుడిసె ముందు అందరం నిలబడ్డాం. ఒకపక్క ప్రోష్పెర్ కొత్త గోడ, పచ్చి సిమెంటు వాసన. ఇంకోపక్క లావెండర్ పొదలు, వాటి అవతల యెర్కో తోట. యెర్కో బార్బా కొడుకు పక్కన నిలబడి బూట్ల వంక చూసుకుంటున్నాడు.

"చెప్పండమ్మా, ఆ రాయి ఎక్కడ ఉండేది?" అంది జడ్జిగారు.

లుక్రియా గుడిసె వంక చూసింది. నెత్తిన సరిగ్గా కూర్చోని ఆ రాయి వంక చూసింది. కుర్ర లాయరమ్మ ఆమె మోచేతిని మెల్లగా తాకింది.

"నాకు తెలియదు" అంది లుక్రియా.

ఎవరో కుర్చీ కిర్రుమనిపించారు.

"మీరు ఆ రోజు ఉన్నానన్నారు."

"ఉన్నాను. కానీ నన్ను కొట్టలేదు జడ్జిగారూ. మా నాన్నకి చెయ్యి రాలేదు. ఊరికే చెంప పట్టుకుని, నారింజ ఇచ్చాడు. నేను నారింజ చూస్తూ నిలబడ్డాను. రాయిని చూడలేదు."

ప్రోష్పెర్ లాయరు గబగబా ఏదో రాసుకున్నాడు. ప్రోష్పెర్ మొహం వెలిగింది. ఇంతేనా, ఒక్క మాటతో గుడిసె పోయిందా అనుకున్నాను.

"ఏమన్నావు?"

అడిగింది యెర్కో బార్బా. వినపడని మనిషి అంత దూరం నుంచి ఎలా విన్నాడో.

"ఏం లేదు నాన్నా, నువ్వు కూర్చో" అన్నాడు ప్రోష్పెర్.

"నువ్వు నోర్మూసుకో. లుక్రియా, ఏమన్నావు?"

"మా నాన్న నన్ను కొట్టలేదు యెర్కో."

"మరి చెంప పట్టుకున్నావు!"

"పట్టుకోమన్నాడు."

"ఏడ్చావు! నేను చూశాను, ఏడ్చావు!"

"నిన్ను కొట్టినందుకు ఏడ్చాను."

గాలి లావెండర్ పొదల్ని ఒకవైపు వంచి వదిలేసింది. తర్వాత యెర్కో బార్బా చాలా నెమ్మదిగా, చిన్నపిల్లాడిలాగా అడిగాడు.

"అంటే, ఇన్నేళ్లూ ఆ దెబ్బ నా ఒక్కడిదేనా?"

లుక్రియా తల దించుకుంది.

"మనిద్దరం తిన్నాం అనుకున్నానే! ఈ చెవి వినపడనప్పుడల్లా, పోనీలే లుక్రియాకీ తగిలింది కదా అనుకున్నానే! నీ తోట దున్నానే! అమ్మ దొంగా!"

"యెర్కో బార్బాకి ఏమీ గుర్తులేదని ఇదివరకే నమోదైంది జడ్జిగారూ" అన్నాడు ప్రోష్పెర్ లాయరు.

"గుర్తులేదా?" యెర్కో బార్బా అతని వైపు తిరిగాడు. "నాకా గుర్తులేదు? రోజూ గడ్డం గీసుకుంటూ ఈ చెంప మీదికి కత్తి తెచ్చేసరికి ఈ కొండ మొత్తం కళ్ల ముందుకొస్తుంది! గుర్తులేదట!"

"నాన్నా!"

అతను వినలేదు. ఈసారి నిజంగానే వినలేదనుకుంటాను. గుడిసె దాటి పొదల్లోకి నడిచాడు. నిద్రలో నడిచేవాడిలా ఉన్నాడు. చూపు ముందుకి లేదు, ఎక్కడో లోపలికి ఉంది. మేమంతా వెనకే. జడ్జిగారి చెప్పు ముళ్లలో ఇరుక్కుంది.

"మా నాన్న సముద్రానికి వీపు పెట్టి నిలబడ్డాడు. ఇక్కడ. నేను ఇలా. ఆ చెయ్యి వచ్చింది." యెర్కో బార్బా తల దానంతటదే పక్కకి తిరిగింది. "నేను అటు పడ్డాను. బండ మీద. బండలో వాన నీళ్ల గుంట ఉంది. నా పన్ను అందులో పడింది. నీళ్లు ఎర్రగా అయ్యాయి. అదే చూస్తూ ఉండిపోయాను. తర్వాత ఈ దొంగది వచ్చి నారింజ పెట్టింది."

వంగి రెండు చేతులతో పొదని విడదీశాడు. కింద బూడిద రంగు బండ. బండలో గిన్నెంత గుంట, అందులో నీళ్లు, నీళ్లలో ఆ రోజు ఆకాశం.

అతను గుంట పక్కన మోకాళ్ల మీద కూర్చుని, చెయ్యి చాపి, వేళ్లు నేలకి ఆనించాడు. "ఇక్కడ. పడ్డప్పుడు ఈ చెయ్యి రాయికి తగిలింది."

తవ్వారు. ముందు బూడిద మట్టి, తర్వాత ఎర్ర మట్టి. సర్వేయర్ చేత్తో తడిమి ఒక పెంకు ముక్క తీశాడు. కాసేపటికి, ఇంకొంచెం అవతల, ఇంకో ముక్క. తుడిచి రెండూ దగ్గరకి పెట్టాడు. అతికాయి. మధ్యలో వెంట్రుక దూరే సందు కూడా లేదు.

అది గోడకి చాలా దూరంగా, యెర్కో తోట వైపు ఉంది. గుడిసె లుక్రియాది. కార్ల చోటులో సగం కూడా లుక్రియాదే. తేతా తనదనుకుని ఏటా కాయలు కోసుకునే అంజూర చెట్టు మాత్రం, గట్టు వంపు వల్ల, యెర్కోదని తేలింది. ఆ సంగతికి ఆమె మొహం కొంచెం మాడింది, అబద్ధం చెప్పను.

"ఎవరి వైపున్నావు నాన్నా నువ్వు?" అన్నాడు ప్రోష్పెర్.

"చెంప వైపు" అన్నాడు తండ్రి.

జడ్జిగారు అక్కడే రాజీ పత్రం రాయించింది. గోడ వెనక్కి జరగాలి, గుడిసెని ఎవరూ ముట్టుకోకూడదు, పైకి బండి వెళ్లే దారి మాత్రం ఇద్దరిదీ. ప్రోష్పెర్ సంతకం పెట్టడానికి చాలాసేపు పట్టింది. పెట్టాడు. పెట్టి, పెన్ను తిరిగివ్వడం మర్చిపోయి కొండ దిగిపోయాడు.

పాత పెంకులనే కింద పెట్టి కొత్త రాయి నిలబెట్టారు. మట్టి తొక్కారు. అప్పుడు ఇందాకటి ముసలాయన, "మరి పిల్లలో?" అన్నాడు. అమ్మలందరూ ఒక్కసారిగా పిల్లల్ని వెనక్కి లాక్కున్నారు.

"కోర్టు చూస్తుండగా ఎవరూ ఎవర్నీ కొట్టడానికి లేదు" అంది జడ్జిగారు.

"పిల్లలెందుకు?" అంది లుక్రియా. రాయి పక్కకి వచ్చి నిలబడింది. తలగుడ్డ చెంప మీదనుంచి వెనక్కి తోసుకుంది. "నా వంతు మిగిలిపోయిందిగా. కొట్టు యెర్కో."

జడ్జిగారు సముద్రం వైపు తిరిగి, నిమ్మకాయ వాసన చూసుకోవడం మొదలుపెట్టింది.

యెర్కో బార్బా చెయ్యి ఎత్తాడు. దించేస్తాడనుకున్నాను. దించలేదు. కొట్టాడు. పెద్ద దెబ్బ కాదు. పండిన అంజూరం బండ మీద పడితే వచ్చే చప్పుడు. లుక్రియా కళ్లు పెద్దవయ్యాయి. తర్వాత నేల వైపు చూసింది. రాయినీ, దాని మొదట్లో తొక్కిన ఎర్ర మట్టినీ, చాలాసేపు చూసింది.

"నారింజ ఏదీ?" అన్నాడు అతను, ఏమనాలో తెలియక.

"ఈసారి దెబ్బ తిన్నది నేను. నువ్వివ్వాలి."

అతను కోటు జేబులన్నీ తడుముకున్నాడు. ఏమీ లేదు. ఊరంతా నవ్వుకుంటూ కుర్చీలు మడిచింది.

మర్నాటి నుంచి లుక్రియా మళ్లీ రొట్టెల కొట్టుకి వచ్చింది.

"ఏం కలొచ్చింది తేతా?"

"ఆ రాయి పాతిన రోజే వచ్చింది. పిల్ల నేల వంకే చూస్తోంది. రాయి కనిపించింది. నాచు కూడా కనిపించింది." రొట్టె తీసుకుని చంకలో పెట్టుకుంది. "నారింజ కనిపించలేదు. చేతిలో ఏదో ఉంది, నాన్న కూడా ఉన్నాడు. ఏం పట్టుకున్నానో తెలియడం లేదు."

వరుసలో వెనక నిలబడ్డ యెర్కో బార్బా తన వంతు రాకుండానే బయటికెళ్లిపోయాడు.

ఆ మధ్యాహ్నం నేను ఆ దారిన పోతున్నాను. గాలి ఆగిపోయింది. తోటలన్నీ నిద్రలో ఉన్నట్టున్నాయి. కొత్త రాయి పక్కన, వాన నీళ్ల గుంట దగ్గర, యెర్కో బార్బా కూర్చుని ఉన్నాడు. నారింజ ఒలుస్తున్నాడు. తొందరేమీ లేదు. తొక్క తుంచినప్పుడల్లా సన్నటి తుంపర ఎండలో లేచి, వాసన గుడిసె వైపు వెళ్తోంది. నన్ను చూసి, మాట్లాడకు అన్నట్టు వేలు పెదవుల మీద పెట్టుకున్నాడు.

గుడిసె లోపల గోడ మీద ఆ అరచెయ్యంత వెలుగు ఎక్కడిదాకా వచ్చిందో నాకు కనిపించలేదు. కాసేపటికి లోపలినుంచి, సగం నిద్రలో ఉన్న గొంతు ఒకటి వినిపించింది.

"సగం ఉంచు యెర్కో."